పాలిచ్చిన లంగరు మేస్త్రి

ఆషాఢం. అమావాస్య వెళ్ళిన మూడో రోజు. నైరుతి గాలి, అలజడి తక్కువ.

తూర్పు గొలుసులు బిగువుగా ఉన్నాయి. పడమటి గొలుసుల్లో ఒకటి తెల్లారగట్ల కిర్రుమంటే గ్రీజు పూయించాను. ఊరు తన చోటు నుంచి కదల్లేదు.

లంగరు మేస్త్రి రోజూ మాటలు దాచుకునే ఈ పెట్టె ముందు కూర్చుని గాలి సంగతి, గొలుసుల సంగతి, మనుషుల సంగతి నోటితో చెప్పాలని మా ఊరి రూలు. పాత ఒడ్డును సముద్రం తినేశాక మా తాతలు ఈ పెద్ద తెప్పల మీదకు చేరి, వాటిని గొలుసులతో సముద్రం అడుక్కి కట్టి, తేలూరు అని పేరు పెట్టుకున్నారు. నేల మీదివాళ్ళు మమ్మల్ని తేళ్ళంటారు. అననీ. గొలుసులు తెగితే ఊరు ఊరంతా కొట్టుకుపోతుంది కాబట్టి ఇక్కడ మేస్త్రి మాటకి విలువ. మా అయ్య గంగులు చేసిన పని ఇది, ఆయన ముసలై మానుకున్నాక నాకొచ్చింది.

ఇక మనుషుల సంగతి. నా భార్య సత్యవేణి ఇవాళ అడుక్కి దిగింది. సముద్రం అడుగున మాకు కరెంటిచ్చే టర్బైన్లలో ఒకదాని ఇరుసు పగిలింది. అంత లోతులో వెల్డింగు చేయగలవాళ్ళు ఊళ్ళో ఇద్దరే. రెండో ఆమె చెయ్యి విరిగి కట్టుతో ఉంది. దిగినవాళ్ళు పని అయ్యేదాకా కింద ఉక్కుగదిలోనే తిని, అక్కడే పడుకోవాలి. మాటిమాటికీ పైకొస్తే ఒత్తిడి మారి రక్తంలో బుడగలు లేస్తాయి, మనిషి దక్కదు.

మా నూకి ఇంకా పాలు తాగే పిల్ల. పన్ను కూడా రాలేదు. సత్య తన పాలు పిండి, సీసాల్లో పోసి, ఫ్రీజరు నిండా పేర్చి మరీ దిగింది. ఆమెను సాగనంపడానికి వచ్చిన డాక్టరు రజియా గారు నా చేతిలో ఓ మందుల డబ్బా పెట్టారు.

"ఎందుకైనా మంచిది ఎల్లాజీ, దగ్గరుంచుకో. ఇవి వేసుకుని పిల్లను రొమ్ముకి పెట్టుకుంటే తండ్రికి కూడా పాలు పడతాయి. నేల మీద చాలామంది వాడుతున్నారు. మన ఊళ్ళోనే ఎవరూ ముట్టుకోలేదు."

నేను పకపకా నవ్వాను. సత్య నవ్వలేదు.

"నవ్వింది చాల్లేవయ్యా. అలమరాలో పెట్టు" అని, పిల్ల తల వాసన ఇంకోసారి చూసుకుని, అడుక్కి దింపే ఇనప తొట్టెలోకి దిగిపోయింది. తాడు కిందికి జారుతున్నంతసేపూ నేను అక్కడే నిలబడ్డాను.


ఆషాఢం. అష్టమి. గాలి లేదు, ఉక్క.

గొలుసులు బాగున్నాయి. కరెంటు బాగోలేదు.

ఒక టర్బైను ఆగిపోయేసరికి బరువంతా మిగతావాటి మీద పడి, రెండోది కూడా మొరాయించింది. మంచినీళ్ళు తీసే మిషనుకీ ఆస్పత్రికీ తప్ప ఇళ్ళకి కరెంటు ఆపేశారు పంచాయితీవాళ్ళు. వాళ్ళ తప్పేం లేదు, నేనున్నా అదే చేసేవాణ్ణి. కానీ మా ఫ్రీజరు కారిపోయింది. సీసా మూత తీస్తే పుల్లటి వాసన. సత్య నిద్ర మానుకుని పిండిన పాలు ఒక్కో సీసా సముద్రంలో ఒంపేశాను.

డబ్బా పాలు కలిపి పట్టాను. తాగింది. కాసేపటికి తాగిందంతా నా భుజం మీద కక్కేసి, ఒళ్ళంతా ఎర్రటి దద్దుర్లు తేలింది. వేరే రకం పట్టాను. అదే వరస. ఉత్తరపు తెప్ప మీద ఒక బాలింత ఉంది. మంచి మనిషి, రెండు పూటలు నూకిని పక్కలో వేసుకుంది. కానీ ఆమెకు కవలలు. మా పిల్ల తాగినంతసేపూ వాళ్ళిద్దరూ గుక్కపెట్టి ఏడుస్తుంటే ఇక అడగడానికి నాకు మొహం చెల్లలేదు.

అలమరా తలుపు తీశాను. మళ్ళీ వేశాను.


ఆషాఢం. ఏకాదశి దాటింది. చిరుజల్లు.

ఇవాళ ఆస్పత్రిలో తక్కెడ మీద నూకిని పెడితే రజియా గారి మొహం మారిపోయింది. పిల్ల తగ్గుతోంది. ఏడుపు కూడా తగ్గింది. అది మంచిదేమో అనుకున్నాను నేను. "ఏడిచే ఓపిక లేక" అన్నారావిడ.

"నేలకి పంపిస్తే?"

"ఈ అలల్లో పడవ మీద, ఈ నీరసంతోనా? నేను పంపను. మందు ఎందుకు వేసుకోలేదు ఎల్లాజీ?"

భయమని చెప్పలేకపోయాను. తుఫానులో గొలుసు పట్టుకుని నీళ్ళలోకి దూకేవాణ్ణి, నాలుగు మాత్రలకి భయపడ్డానని ఎలా చెప్పను? అక్కడే ఒకటి మింగేశాను. ఆవిడ నా చొక్కా గుండీలు విప్పించి, పిల్లను ఎలా పట్టుకోవాలో చూపించారు. పాలు పడేదాకా ఆకలి ఆగడానికి ఏదో నీళ్ళమందు చుక్కలు చుక్కలుగా పట్టమన్నారు.

నూకి నా ఛాతీ వెంట్రుకలు చూసి మొహం తిప్పుకుంది. ఇంటికెళ్ళి గొరిగేశాను.


ఆషాఢం, ఆఖరి రోజులు. పడమటి గాలి.

గొలుసుల సంగతి తర్వాత చెప్తాను.

పాలు పడ్డాయి!

రెండు రోజులుగా ఛాతీ సలుపుతూనే ఉంది. పిల్ల చీకడం, ఏమీ రాక నా మీద కోప్పడటం, నేను బతిమాలడం, ఇదే పని. పొద్దున గంజి కాస్తుంటే చొక్కా తడిసింది. గంజి చిందిందేమో అనుకున్నాను. పిల్లను తీసుకుని నేల మీదే చతికిలబడ్డాను. ఆ చిన్న గొంతులో గుటక పడిన చప్పుడు వినిపించింది. ఇంకోటి. ఇంకోటి. గంజి మాడిపోయింది.

మధ్యాహ్నం సత్యతో అడుక్కి వేసిన ఫోను తీగ మీద మాట్లాడాను. కింద వాళ్ళు పీల్చే గాలి వేరు కాబట్టి గొంతు సన్నబడి చిలక పలికినట్టుంటుంది. జరిగిందంతా దాచకుండా చెప్పాను. అంతా వింది. తర్వాత నవ్వింది. చిలక గొంతుతో ఆమె నవ్వుతుంటే నాకూ ఆగలేదు. ఆ నవ్వు ఎక్కడ ఏడుపులోకి తిరిగిందో ఆ గొంతులో తెలుసుకోవడం కష్టం.

"పైకి పంపే దారి లేక నేనూ రోజూ పిండి పారబోస్తన్నానయ్యా. ఇంకిపోకుండా" అంది. "ఎలా తాగతంది? కుడి పక్క ముందు పెడతన్నావా?"

"ఎడమ పక్క."

"కుడి పక్క పెట్టు. దానికి అదే ఇష్టం."

కుడి పక్క పెట్టాను. నిజమే.


శ్రావణం మొదలైంది. గాలి నిలకడ.

గొలుసులన్నీ చూశాను. నూకిని పాతచీరతో ఛాతీకి కట్టుకునే చూశాను. గొలుసు మీద సుత్తితో కొట్టి, మోతను బట్టి పగులుందో లేదో చెప్పాలి. మోత వచ్చినప్పుడల్లా నూకి తాగడం ఆపి వింటుంది. మళ్ళీ తాగుతుంది. బుగ్గలు వచ్చాయి. తొడ మీద ఒక మడత పడింది. ఆ మడతలోకి వేలు పెట్టి తుడుస్తుంటే నాకు కలిగే సంతోషం ఈ పెట్టెకి చెప్పడం నా వల్ల కాదు.

మనుషుల సంగతి మాత్రం కాస్త తేడాగా ఉంది. నేను పిల్లకి పాలిస్తుంటే మా అయ్య లేచి బయటికి వెళ్ళిపోతాడు. ఏమీ అనడు. కంచం ముందు నుంచి కూడా లేచిపోతాడు. ఏదో ఒకటి అంటే పడేవాణ్ణి. అనకపోతే ఏం చెయ్యాలి?

సత్య తమ్ముడు కొండబాబు అనేశాడు. వాడు నా కిందే పనిచేస్తాడు. మంచివాడు, నోరే చెడ్డది.

"బావా, గంగమ్మ పండగ దగ్గరకొచ్చింది. తాడుకి ముందు ఎవరు నిలబడతారు?"

"ఎప్పుడూ ఎవరు నిలబడతారు?"

వాడు నా చొక్కా వైపు చూసి తల దించుకున్నాడు. గంగమ్మ పండగనాడు మా తాతలనాటి రాతిలంగరును మగవాళ్ళు చేతుల్తో పైకి లాగి, పసుపు పూసి, మళ్ళీ దింపుతారు. మిగతా ఏడాదంతా లాగే పనులు మోటార్లవే. ఆ ఒక్కరోజు మనుషులే లాగాలి, చొక్కాల్లేకుండా. మేస్త్రి నడుముకి తాడు చుట్టుకుని అందరికంటే ముందు నిలబడాలి. నా ఛాతీ ఇప్పుడు ఎలా ఉందో ఊరంతా చూస్తుంది.

"ఈ ఏడాదికి ఒంట్లో బాలేదని చెప్పు బావా. నేను నిలబడతాను" అన్నాడు.

"ఒంట్లో బాగానే ఉంది."

"నా మాట ఇను. గొలుసులు మోటార్లు లాగుతున్నాయి. అడుక్కి మా అక్కలాంటోళ్ళు దిగుతున్నారు. చేపలు గేలానికి బదులు మిషన్లకి పడుతున్నాయి. మన ఊళ్ళో మగాడికి మిగిలింది ఆ ఒక్క తాడు. దాన్ని కూడా నువ్వు పాలతో తడిపేస్తావా?"

నా చెయ్యి లేచింది. నూకి నా మీద నిద్రపోతోంది కాబట్టి దింపుకున్నాను. వాడు ఎగతాళికి అనలేదు. వాడి కళ్ళల్లో భయం కనిపించింది. అందుకే ఆ మాట ముల్లులా దిగింది. వాడిది తప్పని నాకు తెలుస్తోంది, ఎక్కడ తప్పో తెలియడం లేదు.


శ్రావణం. పండగకి ముందురోజు. అలలు పెద్దవి.

దక్షిణపు గొలుసు వదులు చేయించాను.

మధ్యాహ్నం అన్నం తిన్నాక నూకిని తీసుకున్నాను. అయ్య అలవాటుగా లేచాడు. ఇవాళ నేను ఊరుకోలేదు.

"అయ్యా, అంత అసహ్యంగా ఉంటే చెప్పు. రేపు తాడు ముందు కొండబాబు నిలబడతాడు. నీ పరువు తియ్యను."

అయ్య గడప దగ్గర ఆగాడు. తర్వాత వచ్చి నా ఎదురుగా కూర్చున్నాడు. నూకి నా దగ్గర తాగుతుంటే అంత దగ్గరగా చూడటం ఆయనకి అదే మొదలు.

"నువ్వు ఇంతే ఉన్నప్పుడు మీ అమ్మకి జ్వరం వచ్చి నేల మీద ఆస్పత్రికి పంపాం" అన్నాడు. "అదయ్యాక తుఫాను పట్టింది. పడవల్లేవు. దాన్ని తీసుకురాలేను, నిన్ను తీసుకెళ్ళలేను. గంజినీళ్ళు పట్టాను, చక్కెర నీళ్ళు పట్టాను. నువ్వు ఏడుపు ఆపలా. బయట ఊరంతా గొలుసుల దగ్గరుండి మేస్త్రీ మేస్త్రీ అని అరుస్తన్నారు. నేను లోపల తలుపేసుకుని..."

ఆగాడు.

"తలుపేసుకుని నీ నోట్లో నా రొమ్ము పెట్టాను రా. నమ్మి చీకావు. ఏమీ రాలా. నా మొకం చూసి ఇంకా ఏడిచావు. ఊరంతా నన్ను మొనగాడనేది. ఆవేళ ఈ బలమంతా తీసేసుకుని ఒక్క చుక్క ఇవ్వమ్మా అని గంగమ్మని అడిగాను."

"మరి ఎందుకు లేచిపోతావయ్యా?"

"చూస్తే అదే గుర్తొస్తంది." చేత్తో మొహం తుడుచుకుని, సిగ్గుగా నవ్వాడు. "కుళ్ళు కూడాను. అబద్ధమెందుకు?"

నూకి తాగడం అయిపోయింది. పిల్లను అయ్య భుజం మీద వేశాను. తేన్పు వచ్చేదాకా వీపు నిమురుతూ కూర్చున్నాడు.


శ్రావణం. గంగమ్మ పండగ. ఎండ కాసింది.

చొక్కా విప్పాను.

ఎవరో ఆడమనిషి "అదేంటే" అనబోతే ఇంకెవరో నోరు మూశారు. నేను తాడు నడుముకి చుట్టుకుని కాళ్ళు తన్నిపెట్టాను. నా వెనక కొండబాబు, వాడి వెనక మిగతావాళ్ళు. కేక పెట్టాను. అందరూ బదులు పలికారు. రాయి అడుగు నుంచి లేచింది. బరువు నడుముకి తెలిసింది.

సగానికి పైగా లాగాం. అప్పుడు గుంపులో నూకి ఏడుపు మొదలుపెట్టింది. అయ్య ఎత్తుకుని ఊపుతున్నాడు. అది ఆకలి ఏడుపు. నాకు తెలుసు, నాకంటే ముందు నా ఒంటికి తెలుసు. రెండు పక్కలా పాలు ధారగా కారి, పొట్ట మీదుగా తాడు మీదకి జారాయి. ఊరంతా చూసింది. వెనక నుంచి ఎవడో కిసుక్కుమన్నాడు.

తాడు వదిలితే రాయి కిందికి జారి మనుషుల చేతులు ఊడతాయి. వదలకపోతే పిల్ల ఏడుస్తుంది. లాగడం అయ్యేదాకా ఏడిస్తే పిల్ల చచ్చిపోదు, ఆ సంగతి నాకూ తెలుసు. అయినా కేక వేశాను.

"పట్టి నిలపండి! ఎవరూ లాగకండి, వదలకండి. అయ్యా, పిల్లను పట్రా!"

అయ్య గుంపును తోసుకుంటూ వచ్చాడు. నా రెండు చేతులూ తాడు మీదే ఉన్నాయి. ఆయనే పిల్లను నా కుడి రొమ్ము దగ్గర పెట్టి, తన అరచెయ్యి దాని తల కింద ఆనించి నిలబడ్డాడు. ఏడుపు ఆగింది. పాత మేస్త్రి అలా నిలబడి జనం వైపు ఒక్కసారి కళ్ళెత్తి చూసేసరికి, నవ్వినవాడెవడో మళ్ళీ నవ్వలేదు. తాడు బిగుసుకుని మూలుగుతోంది. చెమట కళ్ళల్లో పడుతోంది. నూకికి మాత్రం ఏ తొందరా లేదు.

వెనక నుంచి కొండబాబు గొంతు వచ్చింది, రొప్పుతూ.

"బావా... కాస్త బేగి తాగమను... చేతులూడిపోతున్నాయి."

ముందు అయ్య నవ్వాడు. తర్వాత నేను. తాడు పట్టుకున్నవాళ్ళందరూ నవ్వితే తాడు అదిరింది. అదిరినా ఒక్కడూ వదల్లేదు. పిల్ల కడుపు నిండి తల వాల్చాక కేక పెట్టాను. రాయి ఒక్క ఊపున పైకి వచ్చింది. పసుపు పూశాం.


భాద్రపదం. తూర్పు నుంచి మబ్బులు.

ఇళ్ళకి కరెంటు వచ్చింది. ఆగిన టర్బైన్లు రెండూ తిరుగుతున్నాయి. సత్య ఇరుసు అతికించి, ఒత్తిడి దించే గదిలో ఉండాల్సినన్ని రోజులూ ఉండి, నిన్న పైకి వచ్చింది.

పండగలాంటి రోజు అవుతుందనుకున్నాను. సత్య గదిలోంచి వస్తూనే చేతులు చాచింది. నూకి ఆమెను చూసి బిక్కమొహం వేసి నా మెడ పట్టుకుంది. ఇంటికెళ్ళాక రొమ్ము దగ్గర పెట్టుకుంటే వీపు విరుచుకుని గోల పెట్టింది. నా వైపు చేతులు చాచి ఏడ్చింది. సత్య రవిక తడిసిపోతోంది. కింద ఉక్కుగదిలో రోజూ పిండి పారబోసి కాపాడుకున్న పాలు.

"నన్ను మర్చిపోయిందయ్యా" అంది. పని చేసొచ్చిన మనిషి, అంత లోతు చూసొచ్చిన మనిషి, గోడకి తిరిగి కూర్చుంది.

నేనేం చెయ్యాలో తెలియక పిల్లను తీసుకుని నేనే పట్టాను. ఊరుకుంది. దాని ఊరటకి మాత్రం నాకు సంతోషం రాలేదు.

రజియా గారిని అడిగాను. "నువ్వు ఇంట్లో ఉంటే నీ వాసన తగులుతూనే ఉంటుంది. కొన్నాళ్ళు కనపడకు" అన్నారు.


భాద్రపదం. వాన.

మూడు రోజులుగా ఈ లంగరు గదిలోనే ఉంటున్నాను. గొలుసులు మునుపెన్నడూ లేనంత బాగున్నాయి. ఇంకేం పని ఉంది నాకు?

ఛాతీ రాయిలా గట్టిపడింది. ముట్టుకుంటే ప్రాణం పోతుంది. కిటికీలోంచి సముద్రంలోకి పిండి పారబోస్తున్నాను. కింద సత్య ఇదే పని చేసిందని తలచుకుంటే కాస్త ఓర్చుకోగలుగుతున్నాను. గాలి ఇటు తిరిగినప్పుడు మా ఇంటి వైపు నుంచి ఏడుపు వినిపిస్తుంది. కాళ్ళు వాటంతటవే లేస్తాయి. మళ్ళీ కూర్చోబెడతాను.

కొండబాబు అన్నం తెచ్చాడు. నా మొహం చూశాడు.

"ఏడిచావా బావా?"

"వాన జల్లు."

"కిటికీ మూసుందిగా."

పక్కనే కూర్చుని, నేను తినేదాకా ఉన్నాడు. వాడు ఆవేళ అన్న మాట ఇంకా నా దగ్గరే ఉంది. మగాడికి ఏం మిగిలింది అన్నాడు. మా అయ్యకి ఊరిని పట్టుకునే బలం ఉంది, బిడ్డకి ఇవ్వడానికి చుక్క లేదు. నాకు చుక్క దొరికింది. ఇప్పుడు అది ఉండి కూడా ఇవ్వకుండా, ఇంటికి పోకుండా కూర్చోవాలి. తాడు ముందు నిలబడటం దీనికంటే సులువు. ఇదంతా మగతనమో కాదో నాకు తెలియదు. వాడికి ఇదంతా చెప్పాలనుకున్నాను. "పప్పులో ఉప్పు ఎక్కువైంది" అన్నాను.

"అక్క వండింది. పరాగ్గా ఉంది" అన్నాడు. వెళ్తూ తలుపు దగ్గర ఆగి, "పొద్దున కాస్త తాగిందంట" అన్నాడు.


భాద్రపదం. వాన తెరిపిచ్చింది. ఈశాన్యపు గాలి.

పొద్దున తలుపు దబదబా కొడుతుంటే ఏ గొలుసు తెగిందో అని లేచి పరిగెత్తాను. తీస్తే సత్య. జుట్టు రేగిపోయి ఉంది. చీరకొంగులో నూకి.

"నీ కూతురు నన్ను పీల్చి పిప్పి చేసింది" అంది. "నిన్నటి నుంచి దిగలేదు. తాగతంది, కునుకుతుంది, మళ్ళీ లేచి తాగతంది. నేను నిద్రపోయి ఎన్నాళ్ళయిందో తెలుసా?"

నూకి నన్ను చూసి, వాళ్ళమ్మను చూసి, మళ్ళీ నన్ను చూసి కాళ్ళు తన్నింది.

"అలా చూస్తావేంటి? పట్టు" అంటూ పిల్లను నా చేతుల్లో పెట్టింది. "డాక్టరమ్మ మందు ఆపెయ్యమన్నారా?"

"ఇంకా అనలేదు."

"అయితే అడక్కు."

తాళ్ళచుట్ట మీద నా దుప్పటి పరుచుకుని ఒరిగింది. "పొద్దుటిపూట నీది, తర్వాత నాది" అని, కళ్ళు మూసుకున్నాక కూడా ఇంకేదో అనబోయి, ఆ మాట పూర్తికాకుండానే నిద్రపోయింది.

నేను కుడి పక్క పెట్టాను. నూకి గుటక వేసిన చప్పుడూ, సత్య గురకా తప్ప గదిలో ఏమీ లేదు. కొండబాబు తలుపు తోసుకుని పనేమిటో అడగడానికి వచ్చాడు. నేను పెదాల మీద వేలు పెట్టి, ఇవాళ్టి గొలుసులు నువ్వే చూసుకో పొమ్మని సైగ చేశాను.